నాలుగో రీలుకు మాటలు లేవు

మనవరాలు గోళ్ళరంగు సీసా మూత తిప్పింది. వరండాలో పేపరు చదువుకుంటున్న నా ముక్కుకు ఆ వాసన తగలగానే చేతులు ఆగిపోయాయి. బాగా మాగిన అరటిపండులో స్పిరిటు పోసినట్టుండే ఆ వాసన నా వరకు గోళ్ళకు సంబంధించింది కాదు. తెగిన ఫిల్మును అతికించే జిగురుది. ఎమ్మిగనూరు టాకీసు క్యాబిన్లో ఆ వాసన మధ్యే ఏళ్ళ తరబడి సద్ది విప్పుకుని తిన్నాను. "ఏంది తాతా అట్ల చూస్తాండావు? నీకూ పెట్టల్నా?" అని నవ్విందా పిల్ల. "నాకొద్దులే తల్లీ" అన్నాను గానీ, మళ్ళీ పేపరు మీద చూపు నిలవలేదు.

నిలవకపోవడానికి ఆ పేపరు కూడా కారణమే. ఆదివారం అనుబంధంలో ఒక పేజీ నిండా చైనా కొట్లాట సినిమాల గురించి రాశారు. అవి ఒక కాలంలో చప్పబడిపోయి, జనం మొహం తిప్పుకున్నాక, మళ్ళీ ఎట్లా ప్రాణం పోసుకున్నాయో ఆ వ్యాసం. గాలిలో ఎగురుతున్న హీరో బొమ్మ జానెడు వేశారు. టోపీ పెట్టుకున్న దర్శకుడి బొమ్మ బెత్తెడు వేశారు. చిట్టచివర ఒక ముక్క: "కథల తీరు మార్చిన ఒక రచయిత కృషి కూడా ఇందుకు తోడ్పడింది." ఒక రచయిత! కూడా! ఆ మనిషి కూర్చుని, కొట్టేవాడు ఎందుకు కొడుతున్నాడో చెప్పకపోతే ఆ ఎగిరేవాడు దేనికి ఎగురుతాడు? పేరు తెలుసుకోవడానికి ఇంత చదువుకున్నవాళ్ళకు ఓపిక లేకపోయిందా? నేను ఐదో తరగతి దాటనివాణ్ణి. నాకు కోపం రావడానికి ఒక కారణం ఉంది. ఆ చైనా రచయిత పేరు నాకు తెలియదు. కానీ అట్లాంటి ఇంకో చైనా రచయిత కోసం ఒక మనిషి మా వైపు ఏం వదులుకున్నాడో నాకు తెలుసు. ఆ మనిషి పేరు కూడా తెలుసు.

ఎమర్జెన్సీ పోయిన తర్వాతి సంవత్సరాల మాట ఇది. నాకప్పుడు ఇరవై ఆరేళ్ళు, పెళ్ళయింది. మాది మగ్గం ఇల్లు. గుంతలో కాళ్ళు పెట్టుకుని దినమంతా కూర్చోలేక, ప్రొజెక్టరు తిప్పడం నేర్చుకుని టాకీసులో ఆపరేటరుగా చేరాను. మా అమ్మకు అది గిట్టలేదు. "మగ్గం గుంతలో నుంచి లేసి పొగగూట్లో దూరినాడు నా కొడుకు" అని వచ్చినవాళ్ళందరికీ చెప్పేది. చైనా బొమ్మలు మొదట వచ్చినప్పుడు నేతగాళ్ళు మగ్గాలు ఆపి మరీ వచ్చారు. ఒక్కడు ఇరవైమందిని పడగొడుతుంటే బెంచీలెక్కి ఈలలు వేశారు. ఒకటి చూశారు, నాలుగు చూశారు, పది చూశారు. తర్వాత విసుగు పుట్టింది. వాళ్ళ మాట మనకు తెలియదు. ఎవడు ఎవడికి అన్నో, ఎవడు పగవాడో అర్థం కాదు. దెబ్బ పడుతుంది, అయ్యో అనాలో సెబాస్ అనాలో తోచదు. మా మేనేజరు ఖాజాసాబు ఖాళీ బెంచీల వైపు చూసి, "ఇంక ఈ డబ్బాలు తెప్పించొద్దులే ఈరన్నా. చైనావాని ఖేల్ ఖతం" అన్నాడు.

అట్లాంటి ఒక శనివారం మధ్యాహ్నం ఆట అయిపోయాక, ఒకాయన మెట్లెక్కి నేరుగా క్యాబిన్లోకి వచ్చాడు. పంచె, పైన బొత్తాలన్నీ పెట్టుకున్న చొక్కా, చంకలో గొడుగు, నుదుట నిలువుగా మాధ్వులు పెట్టుకునే నల్లటి అంగారపు గీత. గోనెగండ్లలో ప్రాథమిక పాఠశాల పంతులు. పేరు భీమసేనరావు. ఆ పేరు పెట్టినవాళ్ళు పుట్టిన బిడ్డను చూడకుండా పెట్టి ఉండాలి. గాలి గట్టిగా వీస్తే గొడుగు ఆయన్ను మోసుకుపోయేటట్టు ఉండేవాడు.

"ఏమప్పా, ఈ బొమ్మ రాసిందెవరు?" అని అడిగాడు.

నాకు నవ్వొచ్చింది. "కొట్లాట బొమ్మకు రాసేదేముంటాది సార్? కొడతారు, పడతారు."

"ఎవరు ఎవర్ని కొట్టల్లనో ఒకడు ముందు అనుకున్నాడు గదా. వాణ్ణి అడుగుతాండా."

"చైనావోడు ఎవుడో ఉంటాడు లే సార్."

"ఉంటాడు," అన్నాడాయన, వేడిగా ఉన్న ప్రొజెక్టరు వైపు చూస్తూ. "నా మాదిరే యాడో ఒక మూల కూచోని రాసుంటాడు. ఈడ మనం వాని మాట ఒక్కటి గూడ వినకుండా దెబ్బలు లెక్కపెట్టుకుంటాండాం."

ఆ వారమే ఆయన ఖాజాసాబును ఒప్పించాడు. బొమ్మను తనకు మూడుసార్లు చూపించాలి. ఆ తర్వాత తాను తెలుగులో కథ, మాటలు రాసుకొచ్చి, ఆట నడుస్తుంటే క్యాబిన్లో నుంచి మైకులో చదువుతాడు. వాళ్ళు మాట్లాడుకునే చోట నేను శబ్దం తగ్గించాలి, కొట్లాటకు పెంచాలి. ఖాజాసాబు గడ్డం గోక్కున్నాడు. "సార్, మీకు చైనా మాట వస్తాదా?"

"రాదు సాబూ. మా బడిలో ఒకటో తరగతి పిలకాయలకు మాట సరిగా రాదు. ఏడిస్తే ఎందుకు ఏడిసినారో నాకు తెలుస్తాది."

ఆయన పని చేసే తీరు నేను మరెక్కడా చూడలేదు. మొదటిసారి ఊరికే చూసేవాడు. రెండోసారి నోటుబుక్కు తెరిచి, రీలుకు ఒక పేజీ పెట్టుకుని, ఎవరు ఎవరి ముందు తల దించారు, ఎవరు ముందు తిని ఎవరు తర్వాత తిన్నారు, ఎవరి గుమ్మంలో ఎవరు ఆగిపోయారు అని రాసుకునేవాడు. మూడోసారి శబ్దం పూర్తిగా తీసేయమనేవాడు. "నోరు చూడొద్దు ఈరన్నా, కండ్లు చూడు. నోరు వాళ్ళది, కండ్లు అందరివీ" అనేవాడు. అట్లా రాసుకొచ్చిన మొదటి బొమ్మకే తేడా తెలిసింది. గదలాంటి చేతులున్న ఒకడు సన్నటివాణ్ణి కొట్టడానికి చెయ్యెత్తితే బెంచీల్లో నుంచి, "రేయ్, కొట్టొద్దురా! సారు సెప్పినాడు, వాడు నీ తమ్ముడంట రా!" అని ఒకడు లేచి అరిచాడు. తర్వాతి వారం పెద్దకడుబూరు వైపు నుంచి బండ్లు కట్టుకుని వచ్చారు. చప్పబడిన చైనా బొమ్మ మా టాకీసులో లేచి కూర్చుంది. హీరో అప్పుడూ ఎగిరాడు, ఇప్పుడూ ఎగిరాడు. మధ్యలో వచ్చిందల్లా రాసేవాడొక్కడు.

నన్ను మనిషిని చేసింది కూడా ఆ కాగితాలే. ఆట మొదలు కాకముందు వాటిని నాచేత పైకి చదివించేవాడు. ఐదో తరగతి తర్వాత నేను చదివింది గోడల మీది అక్షరాలే. ఒత్తుల దగ్గర తడబడేవాణ్ణి, సిగ్గుతో చెమట పట్టేది. "నువ్వు తడబడితే తప్పు నీది గాదు, నాది" అని పెన్సిలు తీసుకుని ఆ మాట కొట్టేసి వేరే మాట రాసేవాడు. అట్లా నా తడబాటుతో ఆయన తన రాతను దిద్దుకుంటున్నానని చెప్పి నన్ను దిద్దాడు. ఒక సంవత్సరం తిరిగేసరికి ఆయన చిత్తుప్రతికి సాపుప్రతి రాసేది నేనే. నా రాత చూసి ఖాజాసాబు "కోడి గీకినట్టుందే" అంటే, "గీకనీ సాబూ, గీకితేనే గదా గింజ కనపడేది" అన్నాడు. ఈరోజు నేను ఈ నాలుగు ముక్కలు రాస్తున్నానంటే ఆ గీకుడు వల్లనే.

ఆయనకు ఏం కావాలో నాకు తెలిసింది ఒక ఆదివారం. మంత్రాలయంలో గుడి సేవలో ఉన్న వాళ్ళన్న వచ్చి, టాకీసు గేటు లోపలికి అడుగు పెట్టకుండా ఎండలో నిలబడ్డాడు. నేను సారును పిలుచుకొచ్చాను.

"నాయన గుళ్ళో పురాణం చదివిన గొంతు మన ఇంటిది. ఆ గొంతుతో టాకీసులో అరుస్తాండావంట. నిజమేనా?" అన్నాడు అన్న.

"నిజమే అన్నా."

"ఇంత బతుకూ బతికి ఇదేం ఖర్మరా నీకు?"

"నాయన చదివింది ఇంకొకరు రాసింది. తాత చదివిందీ ఇంకొకరు రాసిందే. మన ఇంట్లో అందరమూ ఇంకొకరు రాసింది చదివినవాళ్ళమే. నేను రాసింది ఒక్కటి, ఒకే ఒక్కటి, నా పేరుతో ఉండనీ అన్నా."

"పేరా! యాడ? గాడిదలు ఒళ్ళు రుద్దుకునే ఆ గోడల మీదనా?" అని వాళ్ళన్న వెనక్కి తిరిగి వెళ్ళిపోయాడు. అన్నకు నీళ్ళు కూడా ఇవ్వలేకపోయానని సారు చాలాసేపు బాధపడ్డాడు. తర్వాత గోడ మీది వాల్‌పోస్టరు దగ్గరికి నన్ను తీసుకుపోయి, అట్టడుగున వేలు పెట్టి చూపించాడు. "అచ్చేసినవాని పేరు చూడు ఈరన్నా, చీమంత ఉండాది. దానికంటే చిన్నగా ఉన్నా చాలు నాకు." గొంతులో నవ్వు లేదు.

ఆ మాట ఖాజాసాబుకు చేరవేసింది నేనే. ఆయన మంచివాడు. ఆదోనిలో పెద్ద టాకీసున్న ఒక పత్తి వ్యాపారితో మాట్లాడాడు. ఎమ్మిగనూరులో బాగా ఆడిన బొమ్మను సారుతో సహా ఆదోనికి పంపేటట్టు, మొదటి ఆట జనానికి నచ్చితే బ్యానరు మీద "తెలుగు మాటలు" అని సారు పేరు రాయించేటట్టు ఒప్పందం కుదిరింది. ఆ బ్యానరు కోసం సారు కొత్త బొమ్మ ఒకటి తీసుకుని రాయడానికి కూర్చున్నాడు. నేను తప్పు చేసింది ఆ బొమ్మకే.

తొమ్మిది రీళ్ళ బొమ్మ అది. వానకు తడిసి మొదటి ఐదు డబ్బాల మీది ఇంగ్లీషు అంకెల చీటీలు ఊడిపోయాయి. మిగిలింది చైనా రాత. ఒక డబ్బా మీద ఒక గీత, ఇంకోదాని మీద రెండు, మరోదాని మీద మూడు. సరే, ఒకటి, రెండు, మూడు. మిగిలిన రెండింట్లో ఒకదాని మీద నాలుగు గీతలు మెలితిరిగి ఉన్నాయి, ఇంకోదాని మీద పెట్టె గీసి లోపల మరో రెండు గీతలు వేసినట్టుంది. నేను గీతలు లెక్కపెట్టాను. నాలుగున్నది నాలుగు, అంతకంటే ఎక్కువున్నది ఐదు. ఎవరినీ అడగకుండా చైనా అంకెలు కనుక్కున్నానని గర్వంతో డబ్బాల మీద సుద్దముక్కతో పెద్దగా రాసేశాను. అసలుకు అది తిరగబడి ఉంది. పెట్టె ఉన్నదే నాలుగు. మాది ఒకే ప్రొజెక్టరు, రీలు రీలుకు మధ్య లైట్లు వేస్తాం. కాబట్టి అతుకు తప్పింది కూడా ఎవరికీ తెలియలేదు.

సారు ఆ తప్పుడు వరసే చూశాడు. నది ఒడ్డున కుస్తీ బడి నడిపే ఒక కుంటి గురువు, ఆయనకు ఒక్కడే మిగిలిన శిష్యుడు. బడి మూయించాలని చూసే దుర్మార్గుడు. మూడో రీలు తర్వాత మేము చూసినది గురువు చావు, శిష్యుడి తలకు గాయం, కట్టు. ఆ తర్వాత రీల్లో గురువు బతికే ఉన్నాడు. శిష్యుడి తలకు కట్టు లేదు. ఇద్దరూ కూర్చుని అన్నం తింటున్నారు. గురువు చివరి దెబ్బ నేర్పి, చెంప మీద ఒకటిచ్చి పంపుతున్నాడు. సారు రెండు రోజులు తల పట్టుకున్నాడు. మూడో రోజు మొహం వెలిగిపోతూ వచ్చి, "ఇది ఆ పిల్లవాని జ్ఞాపకం ఈరన్నా! అందుకే కట్టు లేదు. జ్ఞాపకంలో గాయం ఉండదు" అన్నాడు. ఆ మాటే రాశాడు. గురువు పోయినాకనే పాఠం మొదలవుతుందని రాశాడు. మా నేతగాళ్ళు తువ్వాళ్ళతో కళ్ళు ఒత్తుకున్నారు. ఏడవడానికి చైనా బొమ్మకు జనం రావడం నేనప్పుడే చూశాను.

రెండో వారంలో ఒక ఉదయం, వెలుతురులో ఫిల్ము చుడుతుంటే మూడో రీలు తోక, అంటే చివరి కొస, నా వేళ్ళ మధ్యకు వచ్చింది. గురువు గిన్నె పైకెత్తుతున్నాడు. పక్కన అన్నం తినే రీలు తల పడి ఉంది. దాంట్లో గిన్నె పెదవుల దగ్గరుంది. ఆ రెండూ ఒకదాని వెంట ఒకటి రావాల్సినవి. చెప్పాలనుకున్నాను. కిందికి దిగితే ఖాజాసాబు నా భుజం తట్టాడు. సారు బ్యానరు మీద తన పేరు ఎంత పొడుగుంటుందో వేళ్ళతో గాలిలో కొలుస్తున్నాడు. నోరు మూసుకున్నాను. రెండు వారాలు ఆ తప్పుడు వరసనే తిప్పాను.

ఆదోని బస్టాండులో దిగేసరికి పత్తి నూగు ముక్కుల్లో దూరింది. టాకీసు గేటు మీద కొత్త గుడ్డ బ్యానరు కట్టారు. అడుగున జానెడు జాగా తెల్లగా వదిలిపెట్టారు. కింద నిచ్చెన పక్కన పెయింటరు బీడీ తాగుతూ కూర్చున్నాడు. సారు ఆ తెల్లటి జాగాను ఒక్కసారే చూసి, నా చేతిలోని సాపుప్రతి తీసుకుని క్యాబిన్లోకి వెళ్ళాడు. నేను బెంచీలో కూర్చున్నాను. జిన్నింగు మిల్లుల వాళ్ళు, మార్కెట్ హమాలీలు, హాలు నిండిపోయింది.

మూడు రీళ్ళూ ఊపిరి బిగబట్టి చూశారు. నాలుగో రీలు మొదలైంది. తెర మీద గురువు నవ్వుతూ గిన్నె నోటి దగ్గర పెట్టుకున్నాడు. మైకులో సారు గొంతు, కాగితం మీదే కళ్ళు పెట్టుకుని చదువుతున్న గొంతు, వణుకుతూ వచ్చింది: "గురువు కన్ను మూశాడు. శిష్యుడి లోకం ఆగిపోయింది."

ఒక్క క్షణం ఎవరికీ అర్థం కాలేదు. తర్వాత ముందు వరసలో నుంచి, "యో సారూ! సచ్చినోడు బువ్వ తింటాండాడు సూడు!" అని ఒకడు. "అది పిండం కూడు లేప్పా!" అని ఇంకొకడు. హాలంతా నవ్వు. సారు గొంతు ఆగింది. మైకు ఆపడం మరిచిపోయినట్టున్నాడు. కాగితాలు ముందుకూ వెనక్కూ తిప్పుతున్న చప్పుడు, ఆయన ఎగఊపిరి, ఆ నవ్వుల మధ్య మా అందరికీ వినబడుతూనే ఉంది. నేను లేచి చెప్పవలసింది. లేవలేదు.

ఇంటర్వెల్లో యజమాని గదిలో నలుగురం ఉన్నాం. యజమాని, సారు, నేను, ఆ టాకీసు ముసలి ఆపరేటరు. "నా రీళ్ళు సక్కగ ఉండాయి" అన్నాడు ముసలాయన. "డబ్బా మీద సుద్దరాత నేను నమ్మను. దీని తోక చూస్తా, దాని తల చూస్తా. ఈడ గిన్నె ఎత్తుతాడు, ఆడ తాగుతాడు. నాలుగూ ఐదూ ఎవుడో తిరగేసి రాసినాడు."

సుద్దరాత ఎవరిదో సారుకు తెలుసు. ఆ చేతికి అక్షరం దిద్దించింది ఆయనే. "ఈరన్నా, నీకు తెలుసునా?"

"తెలుసు సార్."

"ఎప్పటి నుంచి?"

"రెండు వారాల నుంచి."

ఆయన పక్కనున్న ఖాళీ డబ్బాల పెట్టె మీద కూర్చున్నాడు. కోప్పడతాడనుకున్నాను. ఆయన ముసలి ఆపరేటరు వైపు తిరిగి, "అయితే ముందు అన్నం తింటారు. ఆ తర్వాత చంపుతారు. అంతేనా?" అని అడిగాడు. "అంతే గదా సార్." సారు కళ్ళు మూసుకుని ఆ వరసను లోపల నడిపించుకుంటున్నట్టు ఉండిపోయాడు. హాలు బయట ఇంకా నవ్వుకుంటున్నారు. ఆ నవ్వులో కూర్చుని ఆయన అన్న మాట ఇది: "ఎంత బాగా రాసినాడప్పా!"

యజమానికి విసుగు పుట్టింది. "అయిందేదో అయింది. సాయంత్రం ఆటకు ఎమ్మిగనూరు వరసే వేస్తాం. అదే గదా జనాన్ని ఏడిపించింది? మీ కాగితాలు మీరు చదవండి సార్. పెయింటరు బయటే ఉండాడు, ఇప్పుడే పేరు రాయిస్తా."

"వద్దు."

"ఏమి?"

"తెలీనప్పుడు నేను ఏదో రాసుకున్నా, అది నా తెలివితక్కువ. తెలిసినాక అదే చదివితే దొంగతనం. ఆయనెవరో ఆడ కూచోని, ముందు అన్నం పెట్టి తర్వాత చంపినాడు. దాన్ని తిప్పేకి నేనెవర్ని? ఒక వారం టైము ఇయ్యండి, సరైన వరసకు రాసుకొస్తా."

"వారమా! సాయంత్రం ఆటకు జనం ఇప్పటికే నిలబడుండారు. ఆ చైనావోడు ఆదోనికి వచ్చి మిమ్మల్ని అడుగుతాడా సార్?"

"రాడు" అన్నాడు సారు. "రాడు కాబట్టే నేను అడగల్ల."

గొడుగు తీసుకుని లేచాడు. గేటు దాటేటప్పుడు బ్యానరు వైపు తలెత్తలేదు. పెయింటరు బీడీ పారేసి, "రాయల్నా వద్దా సామీ?" అని వెనక నుంచి అడిగాడు. దానికి జవాబు నేను చెప్పాల్సి వచ్చింది.

బస్సులో నేను ఆయన చేతులు పట్టుకుని ఏడ్చాను. ఆయన కిటికీలో నుంచి చేన్ల వైపు చూస్తూ అన్నాడు. "గీతలు లెక్కపెట్టినావే, అది తప్పు గాదు. బుర్ర వాడినావు. రెండు వారాలు నోరు మూసుకున్నావే, అదే తప్పు. నాకు చెప్పుంటే ఇద్దరం కూచోని దిద్దుకునేవాళ్ళం. నువ్వు తడబడితే నేను ఎప్పుడన్నా తిట్టినానా?" తిట్టలేదు. ఎప్పుడూ తిట్టలేదు. అందుకే ఆ మాట తిట్టు కన్నా లోతుగా దిగింది.

తర్వాత జరిగింది తలచుకుంటే ఈ వయసులో కూడా నా పళ్ళు బిగుస్తాయి. ఆ కంగారులో సాపుప్రతి ఆదోని క్యాబిన్లోనే మరిచిపోయాం. యజమాని రీళ్ళు తిప్పించి, తన బంధువొకడి చేతికి ఆ కాగితాలిచ్చి మైకు ముందు కూర్చోబెట్టాడు. బొమ్మ పదిహేను రోజులు ఆడింది. తెల్లటి జాగాలో ఆ బంధువు పేరు ఎర్రరంగుతో రాశారు. నేను ఒకరోజు పోయి విన్నాను. "జ్ఞాపకంలో గాయం ఉండదు" అని ఎవడో గొంతు చించుకుంటున్నాడు. నా చేత్తో నేను మొట్టమొదట తప్పు లేకుండా రాసిన కాగితం అది. ఇప్పటికీ ఆదోనిలో పెద్దమనుషులు, చైనా బొమ్మలకు తెలుగు మాటలు చెప్పించింది మా ఊరే మొదలు అని చెప్పుకుంటారు. చెప్పుకోనీ. రాసినవాని పేరు మాత్రం ఆ మాటల్లో ఉండదు.

నేను ఊగిపోతూ గోనెగండ్లకు పోయి సారుకు చెప్పాను. ఆయన బడి అరుగు మీద కూర్చుని రాసుకుంటున్నాడు. "పోనీ ఈరన్నా. ఆ కథ నాది గాదు, చైనాయనదీ గాదు."

"మరి ఎవరిది సార్?"

"నీది" అని, ఆదోని తర్వాత మొదటిసారి నవ్వాడు. "గీతలు లెక్కపెట్టి కనిపెట్టింది నువ్వే గదా."

ఆదోని నుంచి తిరిగి పోయే ఆ డబ్బాలను ఖాజాసాబు ఒక్క శనివారం ఎమ్మిగనూరులో ఆపాడు. ఒక్క మధ్యాహ్నం ఆట. బొమ్మ అందరూ చూసేసిందే కాబట్టి సగం బెంచీలు ఖాళీ. పోస్టరు లేదు, బ్యానరు లేదు. గేటు దగ్గర ఆట పేరు రాసే నల్లబల్ల ఒకటుండేది. దాని మీద నేను సుద్దముక్కతో, నాకు చేతనైనంత గుండ్రంగా "తెలుగు మాటలు: భీమసేనరావు, గోనెగండ్ల" అని రాశాను. సారు బస్సు దిగి వచ్చి ఆ బల్ల ముందు నిలబడ్డాడు. ఒక్కో అక్షరం చూశాడు. నా చేతిలో సుద్దముక్క తీసుకుని, తన పేరుకు పైన, తన పేరు కంటే పెద్దగా ఇంకో వరస రాసి, చేతులు దులుపుకుని పైకి వెళ్ళాడు.

నేను రీళ్ళను తోక చూసి, తల చూసి వరసగా పెట్టుకున్నాను. నాలుగో రీలు ఎక్కించేటప్పుడు ఆయన కాగితం వైపు చూస్తే, అంత పెద్ద పేజీలో ఒకే ఒక్క వాక్యం ఉంది: "ఈ రీలుకు మాటలు లేవు." మైకు ఆపేశాడు. నన్ను శబ్దం కూడా తీసేయమని సైగ చేశాడు. తెర మీద ఇద్దరు మనుషులు అన్నం తిన్నారు. ముసలాయన తన గిన్నెలోది కొంచెం శిష్యుడి గిన్నెలో వేశాడు. శిష్యుడు అది చూడలేదు. రాబోయేది హాలులో అందరికీ తెలుసు, ఆ కుర్రవాడికి తప్ప. ప్రొజెక్టరుకు వెలుగిచ్చే కార్బన్ కడ్డీలు కాలే చప్పుడు తప్ప ఏమీ వినపడలేదు. ఐదో రీలు రాకముందే, ఎవరూ చావకముందే, ముందు వరసలో ఒక ముసలి నేతగాడు తువ్వాలు మొహానికి అడ్డం పెట్టుకున్నాడు. "చూసినావా" అని సారు నా చెవిలో అన్నాడు. "ఇదీ ఆయన రాసింది."

ఆ తర్వాత కూడా ఆయన ఎన్నో బొమ్మలకు రాశాడు. ప్రతిదానికీ ఆ నల్లబల్ల మీద రెండు వరసలు పడేవి. బొమ్మ మారగానే తడిగుడ్డతో తుడిచేవాళ్ళం. ఎనభైలలో ఊళ్ళోకి వీడియోలు వచ్చాయి, బెంచీలు మళ్ళీ ఖాళీ అయ్యాయి. ఒక ఎండాకాలం ఆయన జబ్బుపడి పోయాడని గోనెగండ్ల బస్సు కండక్టరు చెబితే తెలిసింది. నేను పోయేసరికి అంతా అయిపోయింది. నోటుబుక్కులు ఏమయ్యాయో వాళ్ళింట్లో ఎవరికీ తెలియదు.

నాకు మిగిలినవి రెండు అలవాట్లు. ఎవరైనా పక్కన కూర్చుని అన్నం పెడుతుంటే నేను మాట్లాడను. ఇంట్లోవాళ్ళు ముసలాయనకు పొగరు అనుకుంటారు. రెండోది, ఏది చదివినా ముందు రాసినవారి పేరు వెతుకుతాను. కనబడకపోతే కోపం వస్తుంది. ఆ ఆదివారం పేపరు మీద కూడా పెన్సిలుతో పక్కన గీశాను గానీ, పెన్సిలు గీత సుద్దరాత లాంటిదే. తుడిస్తే పోతుంది. అందుకే ఇది రాశాను. ఆయన అడిగింది చీమంత అక్షరాలు. అచ్చువేసేవాళ్ళు ఎంత అక్షరాల్లో వేసినా నాకు సమ్మతమే. వరస మాత్రం మార్చవద్దని మనవి. ఆ నల్లబల్ల మీద ఆయన రాసిన వరస అదే. చివరిది ఒక్కటే నేను కలుపుతున్నాను.

మూలకథ: చైనాలో ఒకరు. పేరు తెలియదు.

తెలుగు మాటలు: భీమసేనరావు, గోనెగండ్ల.

నాలుగూ ఐదూ తారుమారు చేసి, రెండు వారాలు చెప్పనివాడు: ఈరన్న, ఆపరేటరు, ఎమ్మిగనూరు.